మున్సిపాలిటీ ఆర్డర్ మీద హైకోర్టుకెళితే కోర్టు అసలు చూసేదేమిటి?

గేటుకో షట్టరుకో మున్సిపాలిటీవాళ్ళు నోటీసు అంటించి వెళ్ళారంటే ఆ ఇంట్లో మొదట వినిపించే మాట ‘హైకోర్టుకెళ్ళి స్టే తెచ్చుకుందాం’. స్టే వస్తే గండం గడిచినట్టేనని, రాకపోతే అంతా అయిపోయినట్టేనని చాలామంది అనుకుంటారు. రెండూ పొరపాటే. 2024లో హైదరాబాద్‌లో చెరువుల పక్క కూల్చివేతలు, అదే ఏడాది చివర్లో సుప్రీంకోర్టు తీర్పు వచ్చాక ఈ విషయం మీద చర్చ పెరిగింది కానీ, అయోమయం మాత్రం తగ్గలేదు.

క్లుప్తంగా

రిట్ పిటిషన్‌లో, అంటే అధికారుల చర్యను నేరుగా హైకోర్టులో సవాలు చేసే అర్జీలో, కోర్టు సాధారణంగా కట్టడం సక్రమమా అక్రమమా అన్నది తేల్చదు. ఆర్డర్ ఇచ్చిన అధికారికి ఆ అధికారం ఉందా, ముందు నోటీసు ఇచ్చారా, అవతలివాళ్ళు చెప్పింది విన్నారా, కారణాలు రాశారా అని చూస్తుంది. అందుకే గెలిచినా చాలాసార్లు దక్కేది ‘పద్ధతిగా మళ్ళీ విచారించండి’ అన్న ఆదేశం, దాంతోపాటు కొంత గడువు. కేసు బలమంతా అంతకు ముందే, నోటీసుకు రాసిచ్చిన జవాబులోనే తయారవుతుంది.

ముందు తేల్చుకోవాల్సింది: ఏ చట్టం కింద ఇచ్చారు?

మున్సిపాలిటీకైనా పంచాయతీకైనా సొంతంగా పుట్టుకొచ్చిన అధికారం ఏదీ లేదు. చట్టం ఇచ్చిన మేరకే ఉంటుంది. 1992లో వచ్చిన 73, 74 రాజ్యాంగ సవరణలు స్థానిక సంస్థలకు రాజ్యాంగంలో చోటు కల్పించాయి, కానీ ఏ అధికారి ఏం చేయొచ్చన్నది రాష్ట్ర చట్టాలే చెబుతాయి. హైదరాబాద్‌కు జీహెచ్‌ఎంసీ చట్టం 1955, తెలంగాణలోని మిగతా పట్టణాలకు 2019 నాటి మున్సిపాలిటీల చట్టం, ఆంధ్రప్రదేశ్‌లో మున్సిపాలిటీలకు 1965 చట్టం, పంచాయతీలకు ఏపీలో 1994, తెలంగాణలో 2018 చట్టాలు ఉన్నాయి. ప్రభుత్వ భూమి ఆక్రమించారన్న ఆరోపణ అయితే కథే వేరు. అక్కడ రెవెన్యూవాళ్ళు వాడేది 1905 నాటి భూ ఆక్రమణల చట్టం, నోటీసు ఇచ్చేది తహసీల్దారు.

ఇది చాదస్తపు వివరంలా అనిపిస్తుంది కానీ కాదు. ప్లాన్‌కు మించి ఒక అంతస్తు ఎక్కువ వేశారంటే అది టౌన్ ప్లానింగ్ విషయం, అక్కడ ప్లాన్, సెట్‌బ్యాక్ (కట్టడం చుట్టూ వదలాల్సిన ఖాళీ), పర్మిషన్ కాగితాలు పనికొస్తాయి. స్థలమే ప్రభుత్వానిదంటే అక్కడ లింకు డాక్యుమెంట్లు (స్థలం ఎవరి నుంచి ఎవరికి వచ్చిందో చూపే పాత దస్తావేజులు), సర్వే రికార్డు కావాలి. రెవెన్యూ నోటీసుకు బిల్డింగ్ పర్మిషన్ కాపీ చూపించి ‘మాకు పర్మిషన్ ఉంది’ అంటే అది జవాబు కాదు. పర్మిషన్ ఇచ్చినంత మాత్రాన స్థలం మీద హక్కు వచ్చినట్టు కాదని కోర్టులు ఎన్నోసార్లు చెప్పాయి.

కూల్చేసిన ఇల్లు, దేవుడు అడిగిన ప్రశ్న

ముందు విని తర్వాతే నిర్ణయం తీసుకోవాలన్న సూత్రానికి మూలాల్లో ఒకటి, విచిత్రంగా, ఒక మున్సిపల్ కూల్చివేతే. లండన్ దగ్గర వాండ్స్‌వర్త్‌లో ఒక వ్యక్తి ఇల్లు కట్టడం మొదలుపెట్టాడు. పని మొదలుపెట్టేముందు స్థానిక బోర్డుకు 7 రోజుల నోటీసు ఇవ్వాలని, ఇవ్వకపోతే బోర్డు కట్టడాన్ని పడగొట్టొచ్చని చట్టంలో ఉంది. బోర్డువాళ్ళు ఒక మాటైనా అడక్కుండా వచ్చి ఇల్లు కూల్చేశారు. యజమాని దావా వేశాడు. చట్టంలో ‘ముందు వినండి’ అన్న మాట ఎక్కడా లేదు, అయినా 1863లో కోర్టు అతని పక్షానే తీర్పు చెప్పింది. ఆదామును శిక్షించేముందు దేవుడు కూడా ‘ఆదామా, ఎక్కడున్నావు?’ అని పిలిచి, అతను చెప్పుకునేది విన్నాడు కదా అన్న పాత న్యాయమూర్తి మాటను ఆ తీర్పులో గుర్తుచేశారు. చట్టం నోరు మెదపని చోట ఆ ఖాళీని న్యాయమే పూరిస్తుందని ఆ తీర్పు సారాంశం.

మన దగ్గర ఇదే ప్రశ్న 1985లో బొంబాయి ఫుట్‌పాత్ వాసుల కేసులో సుప్రీంకోర్టు ముందుకొచ్చింది. బతుకుతెరువు కూడా 21వ అధికరణంలోని జీవించే హక్కులో భాగమేనని కోర్టు చెప్పింది. ఈ మాట అందరికీ గుర్తుంది. అంతగా గుర్తులేనిది రెండో సగం: ఫుట్‌పాత్ మీద ఇల్లు వేసుకునే హక్కు ఎవరికీ లేదని, తొలగించే అధికారం ఇచ్చిన సెక్షన్ చెల్లుతుందని కూడా అదే తీర్పు తేల్చింది. వాళ్ళకు చేతికి దక్కింది ఆ వర్షాకాలం దాటి, అక్టోబరు 31 వరకు గడువు. స్థానిక సంస్థల ఆర్డర్ల మీద నడిచే కేసుల్లో ఇప్పటికీ కనిపించే నమూనా ఇదే. సూత్రం గట్టిగా ఉంటుంది, చేతికొచ్చేది మాత్రం గడువు. ఆ గడువును ఏం చేసుకుంటామన్నదే అసలు సంగతి.

2024 నవంబరు 13 తర్వాత మారినవి

నేరారోపణ ఉన్నవాళ్ళ ఇళ్ళను బుల్‌డోజర్లతో కూల్చడం మీద వచ్చిన కేసుల్లో జస్టిస్ బి.ఆర్. గవాయ్, జస్టిస్ కె.వి. విశ్వనాథన్ ధర్మాసనం ఆ రోజు దేశమంతటికీ వర్తించే ఆదేశాలిచ్చింది. షోకాజ్ నోటీసు, అంటే ఎందుకు కూల్చకూడదో చెప్పమని అడిగే నోటీసు, లేకుండా కూల్చకూడదు. జవాబుకు స్థానిక చట్టం ఇచ్చిన గడువు, నోటీసు అందిన రోజు నుంచి 15 రోజులు, ఈ రెండింటిలో ఏది ఎక్కువైతే అది ఇవ్వాలి. నోటీసు రిజిస్టర్డ్ పోస్టులో పంపాలి, కట్టడం మీద కూడా అంటించాలి. స్వయంగా వచ్చి చెప్పుకునే అవకాశం ఇచ్చి, ఆ విచారణలో ఏం జరిగిందో రాసిపెట్టాలి. తుది ఆర్డర్‌లో యజమాని ఏం వాదించారు, దాన్ని ఎందుకు ఒప్పుకోలేదు, జరిమానాతో సరిచేయడానికి వీలుందా లేదా, మొత్తం కాకుండా కొంత భాగం తీసేస్తే సరిపోదా అన్నవి ఉండాలి. ఆ ఆర్డర్ తర్వాత ఇంకో 15 రోజులు ఆగాలి. కూల్చివేతను వీడియో తీయాలి. వీటిలో ఏది పాటించకపోయినా కోర్టు ధిక్కారం, అధికారి సొంత ఖర్చుతో తిరిగి కట్టించాల్సిన బాధ్యత, నష్టపరిహారం.

అన్నిటికంటే పదునైనది పైకి చిన్నగా కనిపించే ఒక అంశం. నోటీసు ఇచ్చిన వెంటనే ఆ సమాచారం కలెక్టరు ఆఫీసుకు ఈమెయిల్‌లో వెళ్ళాలి, అక్కడి నుంచి అందినట్టు ఆటోమేటిక్ జవాబు రావాలి. ఎందుకంటే వెనక తేదీలు వేసిన నోటీసుల మీద కోర్టులకు ఏళ్ళ తరబడి ఫిర్యాదులు వస్తూనే ఉన్నాయి.

అయితే ఈ రక్షణ అన్ని కట్టడాలకూ లేదు. రోడ్డు, ఫుట్‌పాత్ లాంటి బహిరంగ స్థలాల్లో ఉన్నవి, రైలు పట్టాల పక్కన ఉన్నవి, నది, చెరువు లాంటి జలవనరుల్లో ఉన్నవి, ఇప్పటికే కోర్టు కూల్చమన్నవి ఈ ఆదేశాల పరిధిలోకి రావు. హైదరాబాద్ చెరువుల కేసుల్లో పేచీ అంతా అందుకే ఎఫ్‌టీఎల్ గీత, అంటే చెరువు పూర్తిగా నిండినప్పుడు నీళ్ళు చేరే హద్దు, చుట్టూ తిరుగుతుంది. స్థలం చెరువు లోపలే ఉందని అధికారులు, బయటే ఉందని యజమానులు. ఆ చెరువు హద్దుకు ప్రాథమిక నోటిఫికేషన్ మాత్రమే వచ్చిందా, అభ్యంతరాలు విని తుది నోటిఫికేషన్ కూడా ఇచ్చారా అన్నది అలాంటి కేసులో మొదట వెతకాల్సిన కాగితం. మినహాయింపు ఉంది కదా అని ఏమైనా చేయొచ్చని కూడా కాదు. 2024 సెప్టెంబరులో అమీన్‌పూర్ కూల్చివేత మీద తెలంగాణ హైకోర్టు అధికారులను పిలిపించి, సెలవు రోజైన ఆదివారం ఎందుకు కూల్చారని నిలదీసింది.

ఇదే సుప్రీంకోర్టు, నెల దాటగానే డిసెంబరు 17న, ఇంకో ధర్మాసనం ద్వారా రెండో వైపు కూడా చెప్పింది. ఏళ్ళు గడిచాయని, అధికారులు ఊరుకున్నారని, డబ్బు ఖర్చుపెట్టామని అక్రమ కట్టడం సక్రమం అయిపోదు. రెండు తీర్పులూ పక్కపక్కన పెట్టి చదివితేనే చిత్రం పూర్తవుతుంది.

ఒక ఆర్డర్‌ను దగ్గర నుంచి చూస్తే

హైదరాబాద్‌లో మామూలుగా జరిగే వరస ఇది. టౌన్ ప్లానింగ్ సిబ్బంది వచ్చి కొలతలు తీసుకుంటారు. జీహెచ్‌ఎంసీ చట్టం 452 సెక్షన్ కింద షోకాజ్ వస్తుంది. జవాబు ఇస్తే పరిశీలించి, ఇవ్వకపోతే ఇవ్వలేదని రాసి, 636 కింద తుది ఆర్డర్ ఇస్తారు.

ఆ తుది ఆర్డర్ చాలాసార్లు ఒక పేజీ దాటదు. అచ్చువేసిన ఫారంలో ఇంటి నంబరు, వార్డు, పేరు మాత్రం చేత్తో నింపి ఉంటాయి. మధ్యలో ఒక వాక్యం: ‘మీరు సమర్పించిన వివరణ సంతృప్తికరంగా లేదు’. ఎందుకు లేదో ఉండదు. పైన 10వ తేదీ, గోడకు అంటించింది 24న, అందులో ఇచ్చిన గడువు మూడు రోజులు. ఇలాంటి కాగితాన్ని లాయరు చూడగానే మొదట వేలు పెట్టేది ఆ ఒక్క వాక్యం మీద, ఆ రెండు తేదీల మీద. కారణాలు లేని ఆర్డర్‌ను కోర్టు భాషలో ‘స్పీకింగ్ ఆర్డర్ కాదు’ అంటారు. అంటే నోరు విప్పని ఆర్డర్.

తర్వాత కౌంటర్ అఫిడవిట్‌లో, అంటే మున్సిపాలిటీ కోర్టుకు రాసిచ్చే జవాబులో, పది కారణాలు రాస్తామంటే కుదరదు. 1977లో ఒక ఎన్నికల కేసులో సుప్రీంకోర్టు ఈ విషయం తేల్చేసింది. ఆర్డర్ చెల్లుతుందా లేదా అన్నది అందులో రాసిన కారణాలను బట్టే చూడాలి, తర్వాత అఫిడవిట్లతో అతుకులు వేయడానికి వీల్లేదు. పాతబడేకొద్దీ మెరుగయ్యే ద్రాక్షసారా లాంటివి కావు ఆర్డర్లు అని జస్టిస్ కృష్ణయ్యర్ అందులో రాశారు. అందుకే అంటించిన నోటీసును అలాగే ఉంచి, తేదీ కనిపించేలా ఫొటో తీసుకోవడం, పోస్టు కవరు మీది ముద్ర పారేయకుండా దాచుకోవడం లాంటి చిన్న పనులు తర్వాత వేల రూపాయల వాదన కంటే ఎక్కువ పనిచేస్తాయి.

ఇక్కడే చాలామంది చేసే పెద్ద తప్పు ఒకటి. టెన్షన్‌లో నోటీసుకు జవాబు ఇవ్వకుండా, ‘తెలిసినాయన ఉన్నారు, మాట్లాడదాం’ అని ఆఫీసు చుట్టూ తిరుగుతారు. గడువు దాటిపోతుంది. అప్పుడు ఆర్డర్‌లో ‘వివరణ ఇవ్వలేదు’ అని రాస్తారు, ఆ మాట నిజమే అవుతుంది, విననేలేదన్న వాదన అక్కడితో సగం పోతుంది. అదే రెండు పేజీల జవాబు, జతగా ప్లాన్ కాపీ, పన్ను రసీదులు, ఫొటోలు పెట్టి ఇన్‌వార్డులో (ఆఫీసులో కాగితాలు తీసుకునే చోట) ఇచ్చి మన కాపీ మీద ముద్ర వేయించుకుంటే, ఆ ముద్రే రేపు హైకోర్టులో మొదటి సాక్ష్యం.

రిట్టా, దావానా, అప్పీలా?

రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో వేసేది రిట్. ఇందులో సాక్షుల విచారణ ఉండదు, అఫిడవిట్లు, కాగితాలతోనే నడుస్తుంది. కాబట్టి వేగం ఎక్కువ, లోతు తక్కువ. గోడ అడుగున్నర ఇవతలికి వచ్చిందా అన్నది తేల్చమంటే హైకోర్టు సివిల్ కోర్టుకెళ్ళమంటుంది. అక్కడ కోర్టు తరఫున చూసిరావడానికి ఒక లాయరును అడ్వొకేట్ కమిషనర్‌గా వేస్తారు, ఆయన టేపు పట్టించి కొలిచి రిపోర్టు ఇస్తారు, సర్వేయరును క్రాస్ ఎగ్జామిన్ చేయొచ్చు. కాకపోతే ఏళ్ళు పడుతుంది. పైగా ప్రభుత్వం మీద దావాకు ముందు రెండు నెలల నోటీసు ఇవ్వాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ అంటుంది, అత్యవసరమైతే కోర్టు అనుమతితో మినహాయింపు ఉంది.

మూడోది చట్టమే ఇచ్చిన అప్పీలు. ఆస్తి పన్ను లెక్క తప్పిందన్న లాంటి విషయాల్లో ఆ అప్పీలు వదిలేసి నేరుగా హైకోర్టుకెళితే, ముందు అక్కడికెళ్ళండని వెనక్కి పంపుతారు. దీనికి మినహాయింపులేమిటో 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ప్రాథమిక హక్కుకు భంగం, విననే వినకపోవడం, అసలు అధికారమే లేకుండా ఆర్డర్ ఇవ్వడం, ఆ చట్టాన్నే సవాలు చేయడం. ఈ నాలుగింట్లో ఒకటి ఉంటే అప్పీలు ఉన్నా రిట్ నిలుస్తుంది.

భూమి మీద హక్కు విషయంలో మన హైదరాబాద్ కేసే ఒకటి దేశమంతా మార్గదర్శి అయింది. హబ్సిగూడలో ఉస్మానియా యూనివర్సిటీ కోసం సేకరించిన భూముల్లో కొంత భాగం మీద యూనివర్సిటీ సివిల్ దావా వేసి, దావా వేయాల్సిన గడువు దాటిపోవడంతో ఓడిపోయింది. తర్వాత ఆ స్థలాల్లో ఉన్నవాళ్ళను 1905 చట్టం కింద తహసీల్దారు ఆర్డర్‌తో ఖాళీ చేయించబోయారు. 1982లో సుప్రీంకోర్టు దీన్ని ఒప్పుకోలేదు. యజమాని ఎవరన్న దాని మీద నిజమైన వివాదం ఉన్నప్పుడు ప్రభుత్వం తన వాదనకు తానే తీర్పరి కాలేదు, సివిల్ కోర్టుకు వెళ్ళాల్సింది ప్రభుత్వమే అని చెప్పింది. ఎన్నేళ్ళుగా ఉంటున్నారన్న దానికంటే, ఆ హక్కు వాదనలో నిజాయితీ ఉందా అన్నదే ముఖ్యమని కూడా చెప్పింది. ఆ 1905 చట్టం సెక్షన్ 7 కింద నోటీసు అందుకున్నవాళ్ళ లాయర్లు ఈ తీర్పును ఇప్పటికీ వాడుతూనే ఉన్నారు.

కోర్టులో ఆ పది నిమిషాలు

పిటిషన్ కాపీ ముందే స్టాండింగ్ కౌన్సిల్‌కు, అంటే మున్సిపాలిటీ తరఫు లాయరుకు ఇస్తారు. రేపో మాపో కూల్చేస్తారన్న భయం ఉంటే పొద్దున్నే జడ్జి ముందు ప్రస్తావించి, అనుమతి తీసుకుని అదే రోజు మధ్యాహ్నం వినిపించేది లంచ్ మోషన్. సెలవు రోజుల్లో, కోర్టు వేళలు దాటాక వేసేది హౌస్ మోషన్.

కేసు పిలిచాక జడ్జి అడిగేవి దాదాపు ఒకేలా ఉంటాయి. పర్మిషన్ ఉందా? ఎన్ని అంతస్తులకు? వేసినవి ఎన్ని? నోటీసుకు వివరణ ఇచ్చారా? ఆ తర్వాత స్టాండింగ్ కౌన్సిల్ వైపు తిరిగి, ఆ వివరణను పరిశీలించారా అని. రెండో ప్రశ్నకు మూడో ప్రశ్నకు మధ్య తేడా పెద్దదైతే, పిటిషన్‌లో ఆ సంగతి దాచి ఉంటే, మిగతా వాదన వినేలోపే కేసు చల్లారిపోతుంది. దాచినట్టు తేలితే ఖర్చులు కూడా వేస్తారు. ఉన్న తేడాను ముందే ఒప్పుకుని, ‘వినకుండా చేశారు, సరిచేసుకునే అవకాశం ఇవ్వలేదు’ అనడం చాలా బలమైన వాదన.

ఎక్కువగా వచ్చే ఆదేశం ఇలా ఉంటుంది: పిటిషనర్ రెండు వారాల్లో వివరణ ఇవ్వాలి, కమిషనర్ దాన్ని పరిశీలించి కారణాలతో ఆర్డర్ ఇవ్వాలి, అప్పటిదాకా తొందరపాటు చర్య తీసుకోకూడదు. అంతటితో కేసు ముగుస్తుంది. కొన్నిసార్లు కేసును ఉంచి యథాతథ స్థితి ఇస్తారు. ఇది రెండు వైపులా కట్టేస్తుందని చాలామందికి తట్టదు. మున్సిపాలిటీ కూల్చకూడదు, యజమాని ఒక్క ఇటుక కూడా అదనంగా పెట్టకూడదు. స్టే చేతికొచ్చిందని రాత్రికి రాత్రి స్లాబ్ వేస్తే, ఆ ఫొటోలు మరుసటి వాయిదాకు కోర్టులో ఉంటాయి.

పక్కింటివాళ్ళ వైపు నుంచి

స్థానిక సంస్థ ఇచ్చిన ఆర్డర్ వల్ల నష్టపోయేది నోటీసు అందుకున్నవాళ్ళే కానక్కర్లేదు. పక్కవాళ్ళకు తప్పుడు పర్మిషన్ ఇస్తే దాన్నీ సవాలు చేయొచ్చు. ఉడుపిలో నివాస ప్రాంతంలో కల్యాణమంటపంగా అనుమతి ఉన్న కట్టడాన్ని సినిమా హాలుగా మార్చుకోవడానికి మున్సిపాలిటీ ఒప్పుకుంటే ఆ వీధి నివాసి ఒకరు కోర్టుకెళ్ళారు. 1974లో సుప్రీంకోర్టు ఆయన పక్షాన నిలిచింది. టౌన్ ప్లానింగ్ స్కీముకు విరుద్ధంగా ఇచ్చిన అనుమతి వల్ల ఆ ప్రాంతంలో ఉండేవాళ్ళ ఆస్తి అనుభవానికి దెబ్బ తగులుతుందని, కట్టినవాళ్ళకు ఎంత ఖర్చయినా ఆ అనుమతి చెల్లదని చెప్పింది.

ఫిర్యాదు చేసినా అధికారులు కదలకపోతే వేసేది మాండమస్ రిట్, అంటే ‘మీ పని మీరు చేయండి’ అని ఆదేశించమని కోరడం. 1980లో మధ్యప్రదేశ్‌లోని రత్లాం కేసులో అక్కడి మున్సిపాలిటీ, మురుగు కాల్వలు వేయడానికి డబ్బుల్లేవంది. డబ్బుల్లేవన్న సాకుతో చట్టబద్ధమైన బాధ్యత నుంచి తప్పుకోలేరని సుప్రీంకోర్టు కొట్టిపారేసింది. మాండమస్ రిట్‌కు కూడా ముందు ఇచ్చిన ఫిర్యాదు కాపీ, దాని మీద ముద్ర ఉండి తీరాలి. అది లేకుండా వెళితే ‘ముందు ఫిర్యాదు ఇవ్వండి’ అంటారు.

స్టే వచ్చాక

ఒక పక్షమే వినిపించి తెచ్చుకున్న మధ్యంతర ఉత్తర్వు శాశ్వతం కాదు. అవతలి పక్షం దాన్ని ఎత్తేయమని వెకేట్ పిటిషన్ వేస్తే, హైకోర్టు రెండు వారాల్లో తేల్చాలని, తేల్చకపోతే ఆ ఉత్తర్వు దానంతటదే పోతుందని 226వ అధికరణంలోని మూడో క్లాజు చెబుతోంది. సింగిల్ జడ్జి తీర్పు నచ్చకపోతే 30 రోజుల్లో ఇద్దరు జడ్జిల డివిజన్ బెంచ్‌కు రిట్ అప్పీలు వేయొచ్చు. ఉత్తర్వు ఉండగానే అధికారులు కూల్చేస్తే ధిక్కార పిటిషన్, దానికి ఏడాది గడువు.

ఈలోపు అసలు పని ఆఫీసులో ఉంటుంది. తేడా చిన్నదైతే జరిమానా కట్టి సరిచేసుకోవడానికి వీలుందేమో చూసుకోవాలి, తెలంగాణలో 2012 నాటి జీవో 168 సెట్‌బ్యాక్‌లో కొద్దిపాటి తేడాలకు ఆ దారి చూపిస్తుంది. ఏపీలో బీపీఎస్ (బిల్డింగ్ పీనలైజేషన్ స్కీమ్), తెలంగాణలో 2015 నాటి బీఆర్‌ఎస్ (బిల్డింగ్ రెగ్యులరైజేషన్ స్కీమ్) లాంటి క్రమబద్ధీకరణ పథకాల్లో దరఖాస్తు ఉంటే దాని నంబరు, కట్టిన ఫీజు రసీదు వివరణకు జతచేయాలి. బీఆర్‌ఎస్ దరఖాస్తులు కోర్టు కేసుల వల్ల ఏళ్ళ తరబడి నిలిచిపోయాయి, దరఖాస్తు పెండింగ్‌లో ఉంది కాబట్టి అప్పటిదాకా ఆగమని కోరడానికి ఆ రసీదే ఆధారం. ఏ దారీ లేని అంతస్తు అయితే, అందులో ఉన్న అద్దెవాళ్ళకు ముందే చెప్పి, సొంతంగా పద్ధతిగా తీయించుకోవడం మిగతా కట్టడాన్ని కాపాడుతుంది. జేసీబీ వస్తే అది స్లాబ్‌ను చూస్తుంది కానీ కింది పిల్లర్లను చూడదు.

ఇవేవీ చేయకుండా కోర్టు ఇచ్చిన రెండు వారాలు గడిచిపోతే కమిషనర్ ఈసారి కారణాలతో, తేదీలతో, విచారణకు రమ్మంటే రాలేదన్న వాక్యంతో కొత్త ఆర్డర్ ఇస్తారు. దాని మీద రెండో రిట్ వేసిన రోజు స్టాండింగ్ కౌన్సిల్ జడ్జికి మొదట అందించే కాగితం, మొదటి రిట్‌లో కోర్టు ఇచ్చిన ఆదేశమే.